దీవి మనిషికి ఏడు లక్షణాలు

మజ్జి తవిటయ్య మాస్టారు నరసన్నపేట హైస్కూల్లో ఇరవై నాలుగేళ్లు సాంఘికశాస్త్రం చెప్పి, విశాఖపట్నంలోని పాఠ్యగ్రంథ మండలికి డిప్యుటేషన్ మీద వచ్చారు. అచ్చుతప్పులు దిద్దడం ఆయన పని. రెండు నెలలు అదే చేశారు. మూడో నెలలో సర్క్యులర్ వచ్చింది.

దానికి ముందు ఏం జరిగిందంటే, ఏదో తరగతి పుస్తకంలో దర్జీల గురించి ఒక వాక్యం పడింది. దర్జీ ఎప్పుడూ చెప్పిన రోజుకు బట్టలు ఇవ్వడని దాని సారాంశం. దర్జీలు మూడు రోజులు మండలి గేటు ముందు కూర్చున్నారు. నాలుగో రోజున డైరెక్టర్ అమృతలింగం గారు, ఇకమీదట ఎవరి మనసూ నొచ్చుకోకూడదన్న మంచి ఉద్దేశంతోనే, ఈ కింది నియమం తెచ్చారు.

"పాఠ్యాంశములందు ఏ జాతి, ఏ ప్రాంతము, ఏ వృత్తికి చెందిన ప్రజల వర్ణన గలదో, సదరు ప్రజలలో కనీసము ఒకరి నుండి 'వర్ణన సరిగా ఉన్నది' అను ధ్రువీకరణ పొందవలెను. పొందని యెడల సదరు పాఠ్యాంశము ముద్రణకు అనర్హము."

పాఠాలు నాలుగు వందల పన్నెండు. వాటిని ఉద్యోగులకు పంచారు. ఎడారి ప్రజల పాఠానికి కువైట్‌లో పదకొండేళ్లు డ్రైవరుగా చేసి వచ్చిన రాజోలు ఆయన సంతకం సరిపోయింది. మంచు ప్రాంతాల ప్రజల పాఠానికి ఐసు ఫ్యాక్టరీ యజమానిని పట్టుకొచ్చారు గానీ న్యాయ సలహాదారు ఒప్పుకోలేదు. ఆదిమానవుడి పాఠం ఫైలు మీద "తగిన వ్యక్తి కొరకు వేచియున్నాము" అని రాసి బీరువాలో పెట్టారు.

తవిటయ్య గారి వాటాకు వచ్చిన వాటిలో మొదటిది ఎనిమిదో తరగతి పదకొండో పాఠం. పేరు "దక్షిణ సముద్రాలలో సాహసయాత్ర". రెండు వందల యాభై ఏళ్ల కిందట ఒక ఐరోపా కెప్టెన్ ఓడ వేసుకుని పసిఫిక్ మహాసముద్రంలోని వైలేవా అనే దీవికి చేరడం, అక్కడి జనం ఆయన్ని చూసి ఆశ్చర్యపోవడం అందులోని విషయం. ముప్ఫై ఒక్క ఏళ్ల కిందట ఆచార్య నిరంజనరావు గారు దాన్ని ఒక ఇంగ్లీషు పుస్తకం చూసి రాశారు. ఆ ఇంగ్లీషు పుస్తకాన్ని ఇంకెవరో కెప్టెన్ డైరీ చూసి రాశారు.

"వైలేవా మనిషిని నేనెక్కడ తెచ్చేదండీ?" అని తవిటయ్య గారు డైరెక్టర్ని అడిగారు.

"దీవివాసి లభ్యత అనునది మీ బాధ్యత, తవిటయ్య గారూ. నియమము అందరికీ నియమమే. నెలాఖరులోగా సంతకము రాని యెడల పాఠము రద్దు, మీ మీద సంజాయిషీ" అన్నారు అమృతలింగం గారు, ఫైల్లోంచి తల ఎత్తకుండా.

తవిటయ్య గారు విశ్వవిద్యాలయానికి వెళ్లి విదేశీ విద్యార్థుల పట్టిక చూపించమన్నారు. ఆఫ్రికా వాళ్లున్నారు, నేపాల్ వాళ్లున్నారు. చివరి పేజీలో, పసిఫిక్ దీవుల వాళ్లకు కేటాయించిన ఒకే ఒక్క సీటులో, మెలే అనే పేరుంది. ఊరు వైలేవా. ఆయన ఆ పేరును రెండుసార్లు చదువుకుని కళ్లజోడు తుడుచుకున్నారు.

"ఆవిడ ఇక్కడెక్కడుంటారండీ? పొద్దుటే ఫిషింగ్ హార్బర్లో ఉంటారు. చేపల మీద కదా రీసెర్చి" అన్నాడు గుమస్తా.

హార్బర్లో ఒక పొడుగాటి అమ్మాయి, పంజాబీ డ్రెస్సు మీద రబ్బరు ఆప్రాన్ కట్టుకుని, కానాగంతల గంప ముందు గొంతుక్కూర్చుని ఒక్కో చేపనీ స్కేలుతో కొలుస్తోంది. నల్లటి ఉంగరాల జుట్టు, వెడల్పు మొహం. పక్కన ఒక జాలరి ముసలమ్మ ఆమె చెప్పే అంకెల్ని వింటూ తల ఊపుతోంది. తవిటయ్య గారు దారిలో కూడబలుక్కున్న ఇంగ్లీషు వాక్యాన్ని మొదలుపెట్టారు.

"తెలుగులో సెప్పండి మాస్టారూ. నాకొచ్చు" అంది ఆ అమ్మాయి. "మూడేళ్లయింది వచ్చి. ఈళ్లే నేర్పీసినారు."

తవిటయ్య గారికి గుండెల మీంచి బరువు దిగినట్టయింది. చెక్కపెట్టె మీద కూర్చుని పాఠం చేతికిచ్చారు. మెలే చేతులు కడుక్కుని, ఆప్రాన్‌కి తుడుచుకుని, ఒక్కో వాక్యం కిందా వేలు పెట్టి చదివింది. చదవడం అయ్యేసరికి పావుగంట పట్టింది.

"ఇదేటి మాస్టారూ, ఇలగ రాసినారు?"

"నేను రాయలేదమ్మా. నేను అచ్చుతప్పులు చూసేవాణ్ణి."

"అచ్చుతప్పులు లేవు. మిగతావన్నీ ఉన్నాయి."

వాళ్ల నాయనమ్మ చెప్పేదట ఈ కథ. నాయనమ్మకి వాళ్ల నాయనమ్మ చెప్పింది. ఓడ వచ్చింది. అందులో ఎనభై మంది మగాళ్లు. ఒక్క ఆడది లేదు, ఒక్క పిల్ల లేదు, ఒక్క ముసలాడు లేడు. ఇంట్లోంచి తరిమేస్తే తప్ప మగాళ్లు ఇలా గుంపుగా తిరగరు, వీళ్లేదో తప్పుచేసి వెలిపడినవాళ్లు అనుకున్నారు దీవి జనం. వాళ్ల పళ్లు ఊడిపోతున్నాయి, చిగుళ్ల నుంచి రక్తం కారుతోంది. జాలేసి పండ్లు పెట్టి, కొబ్బరినీళ్లు పోసి బతికించారు. కెప్టెన్ పన్నెండు రోజులున్నాడు. తొమ్మిది రోజులు జ్వరంతో పక్క దిగలేదు.

"మరి ఇక్కడుంది కదా, కెప్టెన్ తమ రాజుగారి జెండా పాతితే దీవివాసులు తలలు వంచి ఆయన ఏలుబడిని అంగీకరించారు అని?"

"కర్రకి గుడ్డ కట్టి ఇసకలో పాతీసి, ఎవరూ లేని వైపు తిరిగి ఏడుపు గొంతుతో ఏదో సదివాడంట. ఎవరో పోయినట్టున్నారు, కర్మ సేసుకుంటన్నాడు పాపం, అనుకున్నారు మావోళ్లు. సావు కాడ తల వంచరా మాస్టారూ? మీరు వంచరా?"

తవిటయ్య గారు వంచుతామని ఒప్పుకున్నారు.

"ఒక మేకు కోసం పందినిచ్చేవాళ్లు అని కూడా ఉందమ్మా. అంత అమాయకులని."

"మేకులు ఎక్కడివి? ఓడవే. సరంగులు తిండి కోసం ఓడకున్న మేకులు పీకీసి తెచ్చీవోరు. పీకీసి పీకీసి ఓడకి నీళ్లు కారిపోతంటే, ఈళ్లు ఇంక ఎల్లరు, ఇక్కడే ఉండిపోతారని బయమేసి మావోళ్లే రెండు బుట్టల మేకులు తిరిగిచ్చీసినారు. మరి అమాయకులెవరు?"

తవిటయ్య గారు పాఠాన్ని మళ్లీ చేతిలోకి తీసుకున్నారు. ఇరవై నాలుగేళ్లలో ఆ పాఠాన్ని ఇరవై నాలుగుసార్లు చెప్పారాయన. జెండా పాతే ఘట్టం దగ్గర గొంతు కొంచెం పెంచేవారు కూడా.

"నువ్వు ఇదంతా వచ్చి ఆఫీసులో చెప్పమ్మా. పాఠం మారుద్దాం" అన్నారు.

"మారుస్తారా?"

"నియమం ఉంది కదా."

మర్నాడు ఆమెను మండలికి తీసుకెళ్లారు. అమృతలింగం గారు నిలబెట్టే మాట్లాడారు. ఆమె చెప్పింది విని, ధ్రువీకరణ పత్రం తిప్పి చూశారు. అందులో "వర్ణన సరిగా ఉన్నది" అని మాత్రమే అచ్చయి ఉంది. కింద సంతకానికి గీత ఉంది. సరిగా లేదని రాయడానికి చోటు లేదు.

"పత్రములో లేని అభిప్రాయమును స్వీకరించుటకు నాకు అధికారము లేదు" అన్నారాయన.

"అయితే వెనకాల రాస్తాను సార్" అంది మెలే. వెనకాల రాసి సంతకం పెట్టింది. ఒకటిన్నర పేజీ వచ్చింది.

న్యాయ సలహాదారు పాపయ్యశాస్త్రి గారు ఆ పత్రాన్ని మూడు రోజులు పరిశీలించి నోటు రాశారు. "వర్ణనకును వ్యక్తికిని పొంతన కుదరనపుడు రెండే అవకాశములు గలవు. ఒకటి, వర్ణన తప్పు. రెండు, వ్యక్తి తప్పు. వర్ణన ఏడుగురు నిపుణుల సంఘముచే ఆమోదితమై ముప్పది యొక్క సంవత్సరములుగా వాడుకలో నున్నది. వ్యక్తి వయస్సు ఇరువది ఏడు మాత్రమే. కావున ముందుగా వ్యక్తిని పరీక్షించుట సమంజసము."

డైరెక్టర్ గారికి ఈ తర్కం నచ్చింది. అప్పటికప్పుడు ఒక స్థాయీ ఉత్తర్వు ఇచ్చారు. ఇకమీదట ధ్రువీకరణకు వచ్చే ప్రతి వ్యక్తినీ సంబంధిత పాఠంతో సరిపోల్చి పరీక్షించాలి. సగానికి సగం లక్షణాలు కలవకపోతే అతడు ఆ జాతివాడు కాడు. పరీక్షా సంఘానికి అధ్యక్షుడిగా పాఠం రాసిన నిరంజనరావు గారినే వేశారు. ఆయన రిటైరై పద్దెనిమిదేళ్లయింది. వైలేవా మనిషి వచ్చిందని కబురు చేస్తే ఉతికిన పంచె కట్టుకుని, గంట ముందే వచ్చి కూర్చున్నారు.

పాఠంలో వెతికితే దీవివాసికి ఏడు లక్షణాలు తేలాయి. మొదటిది, ఆకులు ధరించుట. మెలే పసుపురంగు పంజాబీ డ్రెస్సులో ఉంది. సున్నా.

రెండోది, అద్దమును చూసి విస్మయము చెందుట. అద్దం ఇచ్చారు. మెలే అందులో చూసి, జారిన క్లిప్పు సరిచేసుకుని తిరిగి ఇచ్చేసింది.

"విస్మయం కలిగిందామ్మా?" అన్నారు నిరంజనరావు గారు, ఆశగా.

"లేదండి. కళ్ల కింద నలుపొచ్చింది. థీసిస్ రాస్తన్నాను కదా, నిద్దర్లేదు."

మూడోది, మేకును చూసి అమితానందము. తీర్మానాల పుస్తకం పక్కన పళ్లెంలో ఒక మేకు పెట్టి ముందుకు జరిపారు. మెలే దాన్ని తిప్పి చూసి, "తుప్పట్టీసింది సార్. గుచ్చుకుంటే ఇంజెక్షను ఏసుకోవాలి. పారీయండి" అంది. నాలుగోది, ఇరువదికి మించి లెక్కించలేకపోవుట. ఆమె నలభై వేల కానాగంతల పొడవుల సగటు ఎలా తీసిందో చెప్పడం మొదలుపెడితే పాపయ్యశాస్త్రి గారే చాలన్నారు.

అయిదోది, పరదేశీయులను దేవతలుగా భావించుట. "డైరెక్టర్ గారిని తొలిసారి చూసినప్పుడు దైవసాక్షాత్కారమైనట్టు అనిపించినదా?" అని శాస్త్రి గారు అడిగారు.

"ఆయన ఫోన్లో మాట్లాడతన్నారు సార్. అయ్యేదాకా నిలబడున్నాను. కాళ్లు నొప్పులనిపించింది."

ఆరోది, ప్రతి సందర్భమునందును పాడుట. ఆమె నడవాలో కూర్చున్నప్పుడు సన్నగా ఏదో పాడుకోవడం అటెండరు విన్నాడు గనుక ఒక మార్కు వేశారు. ఏడోది ఈత. ఆవరణలో కొలను లేకపోవడం వల్ల అర మార్కు వేశారు.

ఏడుకి ఒకటిన్నర. నిరంజనరావు గారు ఆ అంకె కింద గీత గీసి, చాలాసేపు కలం అక్కడే ఉంచారు. ముప్ఫై ఒక్క ఏళ్లుగా ఆయనకు తెలిసిన దీవిజనం ఎవరూ ఈ గదిలోకి రాలేదు.

"పరీక్షార్థిని వైలేవా దీవివాసి కాదు" అని శాస్త్రి గారు చదివారు.

"మరి నేనెవర్ని సార్?" అంది మెలే.

"అది ఈ సంఘము పరిధిలోని విషయము కాదు."

అంతటితో అయిపోతే బాగానే ఉండేది. కానీ ఆ మేరకు డైరెక్టర్ గారు సంతకం చేసిన ఉత్తర్వు ప్రతిని సమాచారం కోసం విశ్వవిద్యాలయానికి కూడా పంపారు. అక్కడ రిజిస్ట్రారు గారు దాన్ని చదివి, పసిఫిక్ దీవుల సీటులో దీవి మనిషి కాని మనిషి ఉందని గ్రహించి, విచారణ తేలేదాకా మెలే పరిశోధన ఆపేశారు. థీసిస్ ఇవ్వడానికి ఆరు వారాలే గడువుంది. ఆమె పాస్‌పోర్టు చూపించింది. పాస్‌పోర్టు ఆమె పౌరసత్వాన్ని మాత్రమే చెబుతుందనీ, లక్షణాలు చెప్పదనీ జవాబొచ్చింది.

హార్బర్లో ఆ చెక్కపెట్టె మీదే కూర్చుని ఆమె ఆ కాగితం తవిటయ్య గారికి చూపించింది. ఏడవలేదు. ముందు గంప లేదు, చేతిలో స్కేలు లేదు.

"ఇంటికి ఫోన్ సేసాను మాస్టారూ. మా అమ్మ నవ్వీసింది. నవ్వి నవ్వి, మరి సదువు పోద్దా అని అడిగింది. ఏటి సెప్పను?"

"తప్పు నాదమ్మా" అన్నారు తవిటయ్య గారు. "నేను తీసుకెళ్లకుండా ఉంటే నువ్వు దీవి మనిషివే."

ఆ కాగితం ఆయన్ని మూడు రోజులు కుదురుగా ఉండనివ్వలేదు. డైరెక్టర్ని కలిసి బతిమాలితే, "భావోద్వేగములకు దస్త్రములో స్థానము లేదు" అన్నారు. పై అధికారికి రాద్దామంటే, పై అధికారి ఆ కాగితాన్ని అభిప్రాయం కోసం మళ్లీ అమృతలింగం గారికే పంపుతారు. కొట్లాటకు వెళ్లే మనిషి కాదాయన. జీవితంలో ఎవరి మీదా గొంతు పెంచింది లేదు. ఆయనకు వచ్చిన విద్య ఒక్కటే, పుస్తకాన్ని శ్రద్ధగా చదవడం. కనుక తన వాటాలో మిగిలిన పాఠాలన్నీ తీసి మళ్లీ చదివారు.

ఆరో తరగతి పౌరశాస్త్రం, నాలుగో పాఠం. "ప్రభుత్వ అధికారి".

వృత్తికి చెందిన వర్ణనే గనుక దానికీ సంతకం కావాలి. తవిటయ్య గారు ఫైలు తయారుచేసి డైరెక్టర్ గారి ముందు పెట్టారు. అమృతలింగం గారు పాఠం చదివారు. చదువుతూ చదువుతూ కుర్చీలో నిటారుగా అయ్యారు.

"చాలా చక్కగా రాశారు. అక్షరసత్యము. ఎవరి సంతకము కావలెను?"

"అధికారి సంతకమండి. మీకన్నా తగినవారు ఎవరున్నారు?"

"వర్ణన సరిగా ఉన్నది" కింద అమృతలింగం గారు హోదాతో సహా సంతకం చేసి, పక్కన తన ఫోటో వేసే వీలుందేమో పరిశీలించమన్నారు. తవిటయ్య గారు ఫైలు తీసుకుని నేరుగా పాపయ్యశాస్త్రి గారి దగ్గరికి వెళ్లి అర్జీ ఇచ్చారు. ధ్రువీకరణకు వచ్చే ప్రతి వ్యక్తినీ పాఠంతో సరిపోల్చి పరీక్షించాలన్న స్థాయీ ఉత్తర్వు ప్రకారం, ఈ ధ్రువీకరణ ఇచ్చిన వ్యక్తిని కూడా పరీక్షించాలని అందులో ఉంది. శాస్త్రి గారు అర్జీని వెలుతురుకు పెట్టి చూశారు, ఉత్తర్వును చూశారు. అందులో మినహాయింపు ఎక్కడా లేదు. ఆ ఉత్తర్వుకు ముసాయిదా రాసింది ఆయనే.

పరీక్ష సోమవారం పదిన్నరకు పెట్టారు. నిరంజనరావు గారు మళ్లీ అదే పంచె కట్టుకుని వచ్చారు. అమృతలింగం గారు పదకొండూ నలభైకి వచ్చి, ఇది లాంఛనమే కదా అన్నారు.

"మొదటి లక్షణము" అని చదివారు నిరంజనరావు గారు. "అధికారి నిర్ణీత సమయమునకు ముందే కార్యాలయమునకు వచ్చును." గోడ గడియారం చూసి సున్నా వేశారు.

"ట్రాఫిక్కు" అన్నారు అమృతలింగం గారు.

"పాఠములో ట్రాఫిక్కు ప్రస్తావన లేదు. రెండవ లక్షణము. వచ్చిన అర్జీని ఆ దినముననే చదువును."

అటెండరును పిలిచి డైరెక్టర్ గారి గదిలోని అర్జీలు తెమ్మన్నారు. అతను రెండుసార్లు తిరిగి, మూడోసారి తోపుడుబండి కావాలని అడిగాడు. మూడో లక్షణం, ప్రజలను కూర్చుండబెట్టి మాట్లాడును. ఆ గదిలో ఆయన కుర్చీ తప్ప ఇంకో కుర్చీ లేదని రికార్డయింది. నాలుగోది, అందరినీ చిరునవ్వుతో పలకరించును. చిరునవ్వు చూపించమన్నారు. అమృతలింగం గారు ప్రయత్నించారు. నిరంజనరావు గారు కళ్లజోడు మార్చుకుని చూసి, పాపం అర మార్కు వేశారు.

అయిదోది, తన పొరపాటు తెలిసిన తక్షణమే దిద్దుకొనును.

తవిటయ్య గారు తలుపు దగ్గర నిలబడి డైరెక్టర్ గారి వైపే చూస్తున్నారు. ఇప్పుడు ఒక్క మాట అంటే చాలు, ఆ మార్కు వచ్చేస్తుంది, అంతా తేలిపోతుంది అనిపించింది ఆయనకు. మనసులో ఆ మాటను ఆయనే అందించినంత పనిచేశారు.

"నా వల్ల ఏ పొరపాటూ జరగలేదు" అన్నారు అమృతలింగం గారు.

"సున్నా" అన్నారు నిరంజనరావు గారు. అయిదుకు అర. "పరీక్షార్థి ప్రభుత్వ అధికారి కాదు."

"అంటే? మరి నేనెవర్ని?"

"అది ఈ సంఘము పరిధిలోని విషయము కాదు" అన్నారు శాస్త్రి గారు, అలవాటుగా. అని, తర్వాత ఏం జరుగుతుందో అర్థమై మెల్లిగా కూర్చున్నారు. అధికారి కాని వ్యక్తి సంతకం చేసిన ఉత్తర్వులేవీ చెల్లవు. ధ్రువీకరణ సర్క్యులర్ చెల్లదు. స్థాయీ ఉత్తర్వు చెల్లదు. మెలే దీవివాసి కాదన్న ఉత్తర్వు చెల్లదు. తవిటయ్య గారి డిప్యుటేషన్ ఉత్తర్వు కూడా చెల్లదు, కనుక ఆయన ఆ కార్యాలయంలో ఎన్నడూ పనిచేయలేదు. స్థాయీ ఉత్తర్వే చెల్లనప్పుడు ఈ పరీక్ష చెల్లుతుందా అన్న ప్రశ్న కూడా ఉంది గానీ, శాస్త్రి గారు దాన్ని గొంతులోనే ఉంచుకున్నారు. అప్పటికి భోజనవేళ అయింది.

విశ్వవిద్యాలయానికి ఆ మధ్యాహ్నమే తీర్మానం ప్రతి వెళ్లింది. సమాచారం కోసమే. మెలే మళ్లీ దీవి మనిషైంది. గడువుకి రెండు రోజుల ముందు థీసిస్ ఇచ్చింది.

అమృతలింగం గారు ఆ కుర్చీలోనే ఉన్నారు. ఆయన్ని తొలగించాలంటే ఆ విభాగంలో అధికారి ఎవరైనా ప్రతిపాదన పంపాలి, ఉన్న ఒక్కరూ అధికారి కాదని తేలిపోయింది. పదకొండో పాఠం కూడా ఉన్నది ఉన్నట్టే అచ్చయింది. అయితే నిరంజనరావు గారు ఒకరోజు పొద్దున్నే ఆటో కట్టించుకుని హార్బర్‌కి వెళ్లారు. ఆ అమ్మాయి పక్కన చెక్కపెట్టె మీద కూర్చుని, వాళ్ల నాయనమ్మ కథ మొదటినుంచి చెప్పమన్నారు. మధ్యలో రెండుసార్లు ఆపి, మేకులు ఎన్ని బుట్టలన్నావు అని అడిగారు. కొత్త పాఠం పద్నాలుగు పేజీలు రాసి మండలికి పంపారు. అది ఆమోదం కోసం అక్కడే ఉంది.

తవిటయ్య గారు నరసన్నపేటలో పాత తరగతి గదికి తిరిగి వచ్చారు. ఎనిమిదో తరగతికి పదకొండో పాఠం వచ్చిన రోజున పుస్తకం మూసి పక్కన పెట్టి, ఎనభై మంది మగాళ్లు ఇల్లు వదిలి ఎందుకొచ్చారో ముందు చెప్పండర్రా అన్నారు. పిల్లలు రెండు పీరియడ్లు వాదించుకున్నారు.

ఏడాది తర్వాత వైలేవా నుంచి ఆయనకొక కవరు వచ్చింది. మెలే అక్కడ మత్స్యశాఖలో ఉద్యోగంలో చేరింది. వాళ్ల బడిపిల్లల పుస్తకంలో దూరదేశపు మనుషుల గురించి ఒక పాఠం కావాలంటే, విశాఖపట్నం జనం గురించి రాసిచ్చిందట. దాన్నే తెలుగులో కూడా రాసి పంపింది. "సూసిందే రాసాను మాస్టారూ. తప్పులుంటే దిద్దండి. దిద్దాకే అచ్చు" అని పైన చీటీ.

ఆయన స్టాఫ్‌రూమ్‌లో కిటికీ పక్కన కూర్చుని ఎర్ర పెన్ను తీసి చదివారు. ఆ ఊరివాళ్లు పేరు అడక్కముందు అన్నం తిన్నావా అని అడుగుతారని ఉంది. దిద్దలేదు. చేపను ముట్టుకోకుండా మొప్పల రంగు చూసి ఏ పూట పట్టిందో చెబుతారని ఉంది. దిద్దలేదు. కళ్లెదుట ఉన్న మనిషిని కాగితంతో పోల్చి చూస్తారనీ, రెండూ కలవకపోతే కాగితాన్నే నమ్ముతారనీ, అయినా చెడ్డవాళ్లు కాదనీ ఉంది. అక్కడ కొంచెంసేపు ఆగారు. అచ్చుతప్పు కనిపించలేదు.

చివరి పేరాలో ఇలా ఉంది. "ఆ దేశంలో ఒక మాస్టారు నాకోసం తన పై అధికారితో యుద్ధం చేసి గెలిచారు."

తవిటయ్య గారు ఆ వాక్యాన్ని నాలుగుసార్లు చదువుకున్నారు. తర్వాత 'యుద్ధం చేసి గెలిచారు' అన్న మాటలు కొట్టేసి, మార్జిన్లో గుండ్రటి అక్షరాలతో రాశారు.

"యుద్ధం చేయలేదు. అర్జీ పెట్టాను."